మందమర్రిలో ఎవరూ వినని రికార్డు

క్యాసెట్ల కంపెనీల్లో కొత్తగా చేరిన పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. చాయ్ తాగి, "మీకు పాటలంటే బాగా ఇష్టమా సార్?" అని అడుగుతారు. ఇష్టమో కాదో నాకిప్పటికీ తెలియదు. గ్రామఫోను రికార్డుల కంపెనీ తరఫున కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల్లో ఊరూరా తిరిగిన మనిషిని నేను. నా పని పాటలు వినడం కాదు. పాటల గురించి జనం చెప్పేది నమ్మకపోవడం.

మా వ్యాపారంలో ఉన్నదున్నట్టు చెప్పేవాడు లేడు. దుకాణదారు బాగా పోతున్న రికార్డును కూడా పోవట్లేదంటాడు, ధర ఇంకాస్త తగ్గిస్తామని ఆశ. పాడినవాడు ఊరంతా తన పాటే పాడుతోందంటాడు. హోటలువాడు "పొద్దుగూకులు గిదే వెయ్యమంటుండ్రు సార్" అంటాడు, కొత్తది ఉత్తగా దొరుకుతుందని. వీళ్లందరికీ నా దగ్గర ఒకటే మందు ఉండేది. రికార్డును చేతిలోకి తీసుకుని వెలుతురుకు అడ్డంగా పట్టి చూసేవాణ్ని. ఆ రోజుల్లో రికార్డు మీద నడిచేది ఇనుప ముల్లు. వేసినకొద్దీ గీతలు అరిగి, నల్లటి మెరుపు పోయి, బూడిద పూసినట్టు అవుతుంది. హుజూరాబాద్‌లో ఒక హోటలతను ఒట్టేసి చెప్పిన రికార్డు నిగనిగలాడుతుంటే తిరిగి అతని చేతికిచ్చాను. అతనే నవ్వేశాడు: "ఏం మనిషివి సారు, కన్నతల్లిని సుత నమ్మవు."

మా ఆమె మాట ఇంకా ఘాటు. "కుక్క మొరిగితే దొంగొచ్చిండని అందరు లేస్తరు. గీయన ఒక్కడు గా కుక్కను ఎవలు మొరిగిచ్చిండ్రని అడుగుతడు." నిజమే. ఆ గుణం మీదే మా ఇల్లు గడిచింది.

మా మేనేజరు చెప్పింది, చెప్పనిది

హైదరాబాద్ బ్రాంచికి మేనేజరుగా కృష్ణా జిల్లా నుంచి వెంకట్రావు గారని ఒకాయన వచ్చారు. రెండు ప్రాంతాలు కలిసి ఆంధ్రప్రదేశ్ అయిన తర్వాత అటునుంచి వచ్చిన అధికారులను మేము ఎట్లా చూసేవాళ్లమో చెప్పనక్కర్లేదు. ఆయన మమ్మల్ని చూసేదీ అట్లాగే. ఒకరి టిఫిన్ డబ్బా వంక ఒకరం అనుమానంగా చూసుకుంటూ చాలా కాలం గడిపాం.

అయినా ఆయన నేర్పిన పాఠం ఒకటి ఇప్పటికీ బంగారమే. "పాట విని తల ఊపేవాణ్ని నమ్మకు నారాయణా. మాట్లాడుతూ మాట్లాడుతూ మధ్యలో ఆగిపోయేవాడెవడో చూడు. కొనేది వాడే." అప్పటినుంచి హోటల్లో కొత్త రికార్డు వేయిస్తే నేను పెట్టె వైపు చూడను. జనం నోళ్ల వైపు చూస్తాను.

ఆయనకు తెలియనిది ఒకటుంది. అమ్ముడుపోని రికార్డు గురించి వంద ప్రశ్నలు వేసేవారు గానీ, అమ్ముడుపోయినదాని గురించి ఎందుకని ఒక్కసారీ అడిగేవారు కారు. సిరిసిల్లలో ఒక భజన రికార్డు విరగబడి అమ్ముడుపోయింది. భక్తి పెరిగిందని ఆయన అట్లాంటివి ఇంకో నాలుగు చేయించి పంపారు. ఒక్కటీ కదల్లేదు. నేను పోయి ఒక పద్మశాలి ఇంట్లో అడిగితే ఆయన సాంచె, అంటే మగ్గం, ఆపకుండానే చెప్పాడు: "గా పాటల ఏ దేవుడున్నడో మాకేం ఎరుక సారు? గా దరువు మా సాంచె నడకకు కలుస్తది. ఇంకో పాటేస్తే చెయ్యి తప్పుతది." ఎందుకు పోతోందో తెలియని రికార్డును పోని రికార్డు కంటే ఎక్కువ అనుమానించాలి. ఈ సంగతి నాకు ఏ మేనేజరూ చెప్పలేదు. బొగ్గు గనుల ఊరు మందమర్రి, తర్వాత చెప్పింది.

గిటారు పార్టీ

అప్పుడప్పుడే పెద్ద నగరాల్లో కుర్రాళ్లు గిటార్లు పట్టుకుని గుంపులు కడుతున్నారు. రాక్ బ్యాండు అన్న మాట మా దాకా రాలేదు. మావైపు గిటారు పార్టీ అనేవాళ్లు. తెలుగులో పాడే అట్లాంటి పార్టీ ఒకటి మేనేజరు గారికి కావలసి వచ్చింది. మందమర్రి కార్మికుల క్లబ్బులో ఒకటి ఉందని విని నేను పోయాను.

నలుగురు కుర్రాళ్లు. వాళ్లలో పెద్దవాడు రాజమల్లు, పాడేదీ గిటారు వాయించేదీ అతనే. బొగ్గు బాయి మీద, అంటే గని పైన ఉండే లాంపు రూములో అతని పని. దిగేవాళ్లకు నెత్తికి కట్టుకునే దీపాలు ఇవ్వడం, పైకి వచ్చాక తిరిగి తీసుకోవడం. ఏ దీపం తిరిగి రాలేదో ఆ మనిషి ఇంకా కింద ఉన్నట్టు. గిటారు, దేశం విడిచిపోతూ ఒక ఇంజనీరు దొర అమ్మిపోయినది. దానికి ఒక పాత రేడియో పెట్టె తగిలించి మోగిస్తున్నాడు.

పాట మొదట్లో గిటారు తీగ కిందనుంచి మెల్లగా పైకి లేచి, పైన అట్లాగే నిలబడిపోయింది. ఆ రేడియో పెట్టెలోంచి అది తోక తొక్కిన పిల్లి అరుపులా వచ్చింది. తర్వాత డ్రమ్ములు, తర్వాత అతని గొంతు:

*కూత గూసె, కూత గూసె, లెవ్వవే అవ్వా,*
*సద్దిగిన్నె గట్టియ్యే, బాయికి వోత...*

పాట బాగుంది. అందుకే అనుమానం వచ్చింది. ఎక్కడో ఇంగ్లీషు రికార్డునుంచి ఎత్తుకొచ్చాడనుకున్నాను.

"ఎక్కడిది గీ పాట?"

"ఎక్కడిది గాదు సార్. నాదే."

"మొదలు గంత సేపు తీగె గుంజుడు ఎవలు నేర్పిండ్రు?"

"గీడ ఎవలు నేర్పుతరు సార్?" అని తల వంచుకున్నాడు.

సికింద్రాబాదులో ఇంగ్లీషు రికార్డులు అమ్మే ఒకతన్ని అడిగాను. అట్లాంటిది లేదన్నాడు. అయినా నా మనసు కుదుటపడలేదు.

మద్రాసులో రికార్డింగు. మొదటి మోత చాలా పొడుగుంది, సగానికి తగ్గించమన్నాడు అక్కడి ఇంజనీరు. మొదటి రికార్డు చేసేవాళ్లు ఎట్లా ఉంటారో నాకు తెలుసు. తలకిందులుగా నిలబడి పాడమన్నా పాడతారు. రాజమల్లు మాత్రం గిటారు ఒడిలోంచి తీసి పక్కన పెట్టాడు. "గది తీస్తే పాటే వద్దు సార్." అంత మెత్తటి మనిషి అంత గట్టిగా మాట్లాడితే దాని వెనక ఏదో ఉండి తీరుతుంది. ఆ మాట నేను మరిచిపోలేదు.

చివరికి అట్లాగే ఉంచారు. అక్కడి మంచి యంత్రాల్లోంచి వచ్చేసరికి అది పిల్లి అరుపు కాదు. పెద్దదై, గుండ్రంగా, గదంతా నిండింది. మద్రాసువాళ్లు కొత్త రకం సంగీతమని మెచ్చుకున్నారు. నాదేమో హుజూరాబాదు. మా ఊళ్లో బాయి లేదు, సైరన్ లేదు. నాకేం తెలుస్తుంది?

మొదటి రోజు

హుజూరాబాద్‌లో అంగడి రోజు వేయించాను. బేరాలాడేవాళ్లు మధ్యలో ఆగిపోయారు. మంచి లక్షణం. బోథ్‌లో పత్తి అమ్మడానికి వచ్చిన ఒక ముసలి రైతు ఆ మోత విని లేచి నిలబడ్డాడు. "గిర్నీ గూసిందా ఏందివయా?" అన్నాడు. పాట మొదలయ్యేసరికి నవ్వి మళ్లీ కూర్చున్నాడు. అక్కడ గిర్నీ, అంటే పత్తి మిల్లు, కూస్తే పని మొదలైనట్టు, అంతే.

మందమర్రిలో కూత అంటే వేరు. షిఫ్టు మారేటప్పుడు సైరన్ కూస్తుంది. కాలనీ మొత్తం దాన్నిబట్టే లేస్తుంది, వండుతుంది, పడుకుంటుంది. ఆ కూతను ఎవరూ విన్నట్టే ఉండరు. కానీ వేళగాని వేళలో, ఆగకుండా కూసిందంటే బాయిలో ఏదో అయినట్టు. ఇదంతా నాకు అక్కడ రికార్డు వేయించిన రోజే తెలిసింది.

మధ్యాహ్నం దాటింది. కాలనీ మొదట్లో ఉన్న హోటలు కప్పు మీద లౌడ్‌స్పీకరు. రికార్డు వేయమని చెప్పి, వీధి వైపు తిరిగి చాయ్ పట్టుకుని కూర్చున్నాను, ఎవరు మాట ఆపుతారో చూద్దామని. తీగ కిందనుంచి లేచింది. పైకి పోయి నిలబడింది.

వీధి మొత్తం ఆగిపోయింది. తర్వాత ఉరుకుడు. కూరగాయలామె తక్కెడ అక్కడే పడేసింది. నల్లా కింద బిందెలు పొర్లుతున్నాయి, పట్టేవాళ్లు లేరు. అందరికంటే ముందు ఒకామె ఉరికింది, మోచేతుల దాకా జొన్నపిండితో. "కూత గూసె" అని రాజమల్లు గొంతు వచ్చేటప్పటికి వినేవాళ్లు ఎవరూ మిగల్లేదు. అందరూ మలుపు తిరిగి బాయి దారి పట్టారు.

నేనూ వెనక ఉరికాను. గేటు దగ్గర ఆడవాళ్లు తమవాళ్ల పేర్లు పెట్టి అరుస్తున్నారు. కాపలావాడికి ఏమీ తెలియదు. బాయిలో పని చూసే ఓవర్‌మన్ వచ్చి ఏం కాలేదని మొత్తుకున్నాడు. ఎవరూ నమ్మలేదు, నేనైనా నమ్మేవాణ్ని కాదు. ఒకామె, పసిదాన్ని మంచం మీద వదిలి వచ్చానని అప్పుడు గుర్తొచ్చి ఏడ్చుకుంటూ వెనక్కి ఉరికింది. లాంపు రూము కిటికీలో రాజమల్లు చేతిలో దీపం పట్టుకుని నిలబడ్డాడు. ముఖంలో నెత్తురు చుక్క లేదు.

ఎవరి చెయ్యి

మర్నాడు రాజమల్లును పనిలోంచి ఆపేశారు. ఆ తర్వాత మందమర్రిలో నాకు దొరికినన్ని గుసగుసలు నా ఉద్యోగమంతటిలో దొరకలేదు.

బొగ్గు కంపెనీ వెల్ఫేర్ ఆఫీసరు తలుపు దగ్గరగా వేసి చెప్పారు: "ఇది యూనియన్ వాళ్ల పని. ఒక్కసారిగా జనాన్ని గేటు దగ్గరికి ఎట్లా రప్పించాలో పరీక్ష చేసి చూశారు." యూనియన్ నాయకుడు నన్ను పాన్ డబ్బా వెనక్కి తీసుకుపోయి చెప్పాడు: "క్లబ్బు ఎవలది? బొగ్గు కంపెనోళ్లది. ఉత్తుత్త కూతలు అలవాటు జేస్తుండ్రు. రేపు నిజంగ గూస్తే ఎవలు ఉరుకొద్దని." హోటలతను ఇదంతా ఎదురు హోటలువాడి కుట్రన్నాడు. ఎదురు హోటలువాడు మా కంపెనీ కుట్రన్నాడు. నాకంటే అనుమానపు మనుషులను చూడటం అదే మొదటిసారి, లోపల కొంచెం తృప్తిగా కూడా అనిపించింది.

వెల్ఫేర్ ఆఫీసరు చివరికి అసలు సంగతికి వచ్చారు. "రికార్డు తీయించింది మీరు. అతను తెలిసే ఆ మోత పెట్టాడా, తెలియక పెట్టాడా, మీరు చెప్పండి. తెలియక అయితే హెచ్చరించి వదిలేస్తాం. తెలిసే అయితే ఉద్యోగం పోతుంది. క్వార్టరు ఖాళీ చేయాలి."

రాజమల్లుకు తల్లి ఒక్కతే. ఆ క్వార్టరు తప్ప వాళ్లకు నీడ లేదు. తెలియదని చెప్పేస్తే సరిపోయేది. కానీ మద్రాసులో గిటారు పక్కన పెట్టిన చేతులు నా కళ్లముందు ఉన్నాయి. తెలిసే పెట్టాడు. ఎందుకో తెలియదు. కొంచెం ఆగమని చెప్పి బయటపడ్డాను.

మెరిసే గీతలు

ఇంతలో హైదరాబాద్ నుంచి మేనేజరు గారి ఫోను. గొంతులో పండుగ. "మందమర్రిలో దుమ్ము రేపుతోందయ్యా మన రికార్డు! తెప్పించినవన్నీ అయిపోయాయట. ఇంకా పంపుతున్నాను."

ఫోను పెట్టేసి లెక్క వేసుకున్నాను. హోటలు ఆ రికార్డు ముట్టడం మానేసింది. క్లబ్బుకు తాళం. కాలనీలో గ్రామఫోను పెట్టెలున్న ఇళ్లు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. మరి కొంటున్నదెవరు? యూనియన్ వాళ్లు దాచిపెడుతున్నారా? మళ్లీ ఉరికించడానికా?

అక్కడ మా రికార్డులు అమ్మేది సైకిల్ షాపు ఓదెలు. అడిగితే పంక్చరు అతికిస్తూ తలెత్తలేదు.

"కొంటుండ్రు సార్. ఎందుకు కొంటుండ్రో నాకెందుకు?"

"ఎవలు?"

"ఆడోళ్లు."

నల్లా దగ్గరి పోశవ్వ ఇంటికి దారి చూపించాడు. ఆమె మొగుడు బాయి దిగే మనిషి. నేను అడగ్గానే జొన్నల గంప పక్కకు జరిపి రికార్డు తీసిచ్చింది. వాకిట్లోకి తెచ్చి ఎండకు అడ్డంగా పట్టాను. నిగనిగ. ముల్లు ఒక్కసారి కూడా తాకలేదు. పక్కింటివాళ్లు దేవుని పటం వెనకనుంచి ఒకటి తెచ్చారు, ఇంకొకరు ట్రంకు పెట్టెలోంచి. అన్నీ కొత్త పెళ్లికూతుళ్ల లాగా మెరుస్తున్నాయి.

"పెట్టె లేదు గద చెల్లె, ఎందుకు కొన్నరు?"

"మోగద్దని కొన్నం సారు. దుకాన్ల ఉంటే ఎవడన్న కొని మోగిస్తడు. మా తాన ఉంటే మోగది. తలా ఇంత ఏస్కొని, వచ్చినయి వచ్చినట్టే తెస్తున్నం. పలగ్గొట్టుదమంటే, దాంట్ల రాజమల్లు గొంతుంది గదా, చేతులు రాలే."

"మీరు కొన్నకొద్ది కంపెనోళ్లు ఇంక పంపుతరు గద!"

ఆమె నన్ను వింతగా చూసింది. "గట్లెట్ల? అయిపోవాలె గద? బొగ్గే అయిపోతది, బాయిలు మూస్తరు. గిది అయిపోదా?"

నవ్వాలో ఏడవాలో తెలియలేదు. తవ్వేకొద్దీ తరిగిపోయేదాని మీద బతికేవాళ్లు అట్లా కాక ఇంకెట్లా అనుకుంటారు? వాళ్లు నోరు మూయిస్తున్నామనుకున్నారు. మేము గెలిచామనుకున్నాం.

లచ్చవ్వ

అక్కడినుంచి నేరుగా రాజమల్లు ఇంటికి పోయాను. తల్లి లచ్చవ్వ పొయ్యి దగ్గర రొట్టెలు కొడుతోంది. మోచేతుల దాకా పిండి. ఆ రోజు అందరికంటే ముందు ఉరికినామె. నేను గుమ్మంలోనే ఆగిపోయాను. ఆమె మొగుడు బాయిలో లేడు, చనిపోయి ఏళ్లయిందని అందరూ చెప్పారు. కొడుకు పని భూమి మీద. మరి ఈమె ఎవరికోసం ఉరికింది?

రాజమల్లు మంచం వాల్చాడు. నేను కూర్చోలేదు.

"కావాల్నని చేసినవా?"

"అవ్ సార్." ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు.

"ఎందుకు?"

"మేం గీడికి రాకముందు చాందా దిక్కు ఒక గుత్తేదారు బాయిల ఉండేటోళ్లం. మా బాపు గా బాయిలనే పోయిండు. కప్పు కూలింది. గాడ కూత గూయించలే సార్. ఆడోళ్లొచ్చి మీద వడి ఏడుస్తే పని ఆగుతదని. షిఫ్టు దిగెదాక ఎవలకు చెప్పలే." వాల్చిన మంచం మీద తనే కూర్చున్నాడు. "ఆనాడు గుయ్యలే. అందుకే నేను గూయించిన. గంతే."

"గీ కాలనీల మోగితే ఏమైతదో తెల్వదా?"

"కూత వెనకనే నా గొంతు వస్తది, పాటని తెలుస్తదనుకున్న సార్. కూత ఇనంగనే ఉరికేటోళ్లు పాట దాక ఎందుకు ఆగుతరు? గంత ఆలోచన చెయ్యలే."

లచ్చవ్వ రొట్టె పెనం మీద వేసి, తిప్పడం మరిచిపోయి మాట్లాడింది. "ఆనాడు సుత గిట్లనే పిండి కలుపుతున్న తమ్మీ. బండి మీదేసి ఇంటి ముంగట్కి తెచ్చిండ్రు. ఉరుకుదమంటే ఏడికి ఉరుకాలె? ఆయనే ఇంటికొచ్చె. అందరి ఆడోళ్లు బాయి కాడికి ఉరికి ఏడుస్తరు. నాకు గంత సుత లేకపాయె." రొట్టె మాడు వాసన వస్తోంది. "మొన్న కూత ఇనవడంగనే కాళ్లు ఆగలే. ఆయన లేడని నాకెరుకే. అయినా ఉరికిన. ఎన్కటి ఉరుకుడు గది."

నాకు దుఃఖం వచ్చింది. దాచుకోలేదు.

ఆమె కొడుకు వైపు తిరిగింది. "నాకు ఇనవడ్డది, సాలు. గానీ పోశవ్వ మొగడు కింద ఉన్నడు. గా పసిపిల్ల తల్లి మొగడు కింద ఉన్నడు. వాళ్లనెందుకు ఉరికిచ్చినవ్? ఉరికిచ్చినోనివి వాళ్ల ముంగట నిలవడి చెప్పు. డప్పు సాటిచ్చి, అందరికి ఎరుక చేసి, అప్పుడు ఎయ్యి."

వెల్ఫేర్ ఆఫీసరుకు ఉన్నదున్నట్టు చెప్పాను. తెలిసే చేశాడు అన్నాను. ఆయన కాగితం దగ్గరికి లాక్కుని, "నేనప్పుడే అనుకున్నాను, వీడి వెనక..." అంటుండగా మిగతాది చెప్పాను. ఆయన మాట మధ్యలోనే ఆగిపోయింది. మళ్లీ మొదలు కాలేదు.

చాటింపు

ఫలితం ముందే చెప్పేస్తాను, ఎందుకంటే అది ముఖ్యం కాదు. రాజమల్లు ఉద్యోగం నిలిచింది. ఆడవాళ్ల దగ్గరి రికార్డులు వెనక్కి తీసుకుని డబ్బు తిరిగి ఇప్పించాను. అమ్ముడుపోయే సరుకును చేజేతులా చంపావని మేనేజరు గారు నా మీద కేకలేశారు. ఆ నలుగురూ ఇంకో రికార్డు చేయలేదు. మా కంపెనీ చేయనివ్వలేదు, వాళ్లూ అడగలేదు.

ముఖ్యమైనది ఆ సాయంత్రం. అంతకుముందు రోజే డప్పు కొట్టి కాలనీ అంతా చాటారు: "రేపు పొద్దుగూకకముందు హోటలు కాడ రాజమల్లు రికార్డు ఏస్తరహో! కూతొస్తది! బాయిల ఏం గాలే! ఎవలు ఉరుకొద్దహో!" షిఫ్టు దిగినవాళ్లు దిగినట్టే బొగ్గు ముఖాలతో వచ్చారు. రాజమల్లు నిలబడి నాలుగు ముక్కలు చెప్పాడు, తండ్రి పేరు చెప్పాడు, తప్పయిందన్నాడు. పోశవ్వ కొంగులో చుట్టి తెచ్చిన రికార్డు ఇచ్చింది, వాపసు ఇవ్వకుండా ఒకటి ఉంచుకుందట. ఆ మెరిసే గీతల మీద మొదటిసారి ముల్లు ఆనింది.

కూత లేచింది. పైకి పోయి నిలబడింది. ఎవరూ ఉరకలేదు. ఆడవాళ్లు పక్కవాళ్ల చేతులు గట్టిగా పట్టుకున్నారు. రాజమల్లు తలెత్తలేదు.

లచ్చవ్వ లేచింది. కొంగుతో చేతులు తుడుచుకుని బాయి దారిలో నడిచింది. ఉరకలేదు, నడిచింది. పోశవ్వ లేచి వెనక పోయింది. తర్వాత ఇంకొకరు. తర్వాత కాలనీ ఆడవాళ్లందరూ. వాళ్లు మలుపు తిరగకముందే పాట అయిపోయింది, ముల్లు చివరి గీతలో గరగరమంటూ తిరుగుతోంది, తీసేవాళ్లు లేరు.

యూనియన్ నాయకుడు నా చెవిలో అడిగాడు: "సార్, గీళ్లను ఎవలు నడిపిస్తుండ్రంటవ్?"

నా జన్మంతా నేను అడిగిన ప్రశ్న అది. నేను చాయ్ గ్లాసు కింద పెట్టి వాళ్ల వెనకాల నడిచాను.